ఆరో గది

ధన్!

ఎబెన్ నెత్తి మీది టోపీ గాల్లోకి లేస్తుంది.

గుర్రం మీదనుంచి దూకుదామనుకుంటాడు... పడతాడు! మోచేతులు చీరుకుపోతాయి. నోటినిండా దుమ్ము. దొర్లుకుంటూ వెళ్ళి ఓ బండరాయి వెనక నక్కుతాడు.

ఒకటి.

మనసులో లెక్క దానంతటదే మొదలైపోయింది. ఇరవై నాలుగేళ్ళ అలవాటు అది.

"ఒరేయ్ లైల్! కాల్చకు! నేను!"

ధన్!

బండరాయి అంచు పెచ్చులుగా లేచి మొహాన కొడుతుంది.

రెండు.

"నేనేరా! ఎబెన్‌ని! మీ అన్నని!"

"తెలుసు!" గుడిసెలోంచి కేక. "నువ్వు కాబట్టే టోపీని కాల్చా. ఇంకెవడైనా అయితే టోపీ కింద కాల్చేవాణ్ణి!"

అదీ లైల్ అంటే. చావు గుమ్మంలో నిలబడ్డా నోరు మాత్రం ఊరుకోదు.

గుడిసె వెనక కొండ. ముందు ఎండిపోయిన వాగు. మధ్యలో ఎబెన్. సాయంత్రం నాలుగైనా ఎండ ఇంకా మాడు పగలగొడుతోంది. అతను వెనక్కి తిరిగి చూస్తాడు.

దుమ్ము!

లోయ అడుగున పల్చగా లేస్తోంది. ఎనిమిది గుర్రాల దుమ్ము. ముందు గుర్రం మీద ఏసా బ్లెడ్సో ఉంటాడు. సల్ఫర్ ఫోర్క్ చుట్టుపక్కల సగం పశువులు ఆయనవే. మూడు రోజుల కిందట కొడుకుని చేతులారా పాతిపెట్టాడు. పక్కనే ఆయన పెత్తనదారు పింక్నీ. పింక్నీ జీనుకి కొత్త తాడు చుట్టి ఉంది. అది దూడల్ని పట్టడానికి తెచ్చిన తాడు కాదు.

అరగంట... అంతే. ఇంకో నిమిషం ఎక్కువ ఉండదు!

ఈ అరగంటలో లైల్‌ని బయటికి లాగాలి. బేడీలు వెయ్యాలి. గుర్రం వెనక కూర్చోబెట్టుకుని కొండ సందులోంచి దాటించాలి. కౌంటీ కోర్టులో, జడ్జి ముందు ప్రాణంతో నిలబెట్టాలి. లేదంటే పొద్దుగూకేలోగా తమ్ముడు ఏదో ఒక చెట్టుకి వేలాడతాడు.

షెరీఫే అన్న. అన్నే షెరీఫ్. ఈ సంగతి ఊళ్ళో ఎవడికీ మింగుడుపడటం లేదు. లైల్‌కి అసలే పడటం లేదు.

"లోపలికొస్తున్నా!" ఎబెన్ అరుస్తాడు.

"ఎవరు? అన్నా, షెరీఫా?"

"ఇద్దరం!"

"అయితే అన్నని రమ్మను. ఆ రెండోవాణ్ణి అక్కడే తగలెయ్!"

ఒళ్ళు మండిపోతుంది ఎబెన్‌కి. మూడు రోజులుగా నిద్ర లేదు. నడుం విరిగిపోయింది. ఇన్ని మైళ్ళు ఈ వెధవ కోసం పడొస్తే మాటలు చూడు!

రెండు చేతులూ పైకెత్తి లేస్తాడు. నడుస్తాడు.

లైల్ దగ్గర ఇంకా మూడున్నాయి. ఆ లెక్కలో అనుమానం లేదు. రెండు మైళ్ళ వెనక లైల్ గుర్రం చచ్చి పడి ఉంది. పరిగెత్తించి పరిగెత్తించి గుండె పగిలి చచ్చింది. రైఫిలు, జీను కొమ్ముకి తగిలించిన తూటాల పట్టీ, రెండూ దాని కిందే నలిగిపోయాయి. లైల్ చేతిలో మిగిలింది ఒక్క రివాల్వర్. అందులో ఏముంటే అవే.

అందులో ఉండేవి అయిదు.

ఈ దేశంలో గుర్రమెక్కే మొగాడెవడూ రివాల్వర్ నిండా తూటాలు నింపుకుని తిరగడు. తూటాలు పెట్టే గదులు ఆరు. నింపేది అయిదు. తూటాని కొట్టి పేల్చే సుత్తి వాలి ఉండే ఆరో గది ఖాళీగా వదిలేస్తారు. ఎందుకంటే ఏదైనా వచ్చి సుత్తికి తగిలిందంటే, దాని కింద తూటా ఉందంటే, అంతే సంగతులు. గొడవ ఉందని తెలిసిన రోజు మాత్రం ఆరోది కూడా తోసుకుంటారు.

ఎబెన్ ఇంటివాళ్ళు, టాల్‌బట్లు, ఆ రోజు కూడా తొయ్యరు. చచ్చినా తొయ్యరు!

ఎబెన్‌కి అప్పుడు పద్నాలుగు. నాన్న మెచ్చుకుంటాడని పొద్దున్నే ఆయన రివాల్వర్ తుడిచి, నూనె పెట్టి, ఆరు గదులూ నింపేశాడు. నాన్న చూసుకోలేదు. గుర్రానికి జీను బిగిస్తున్నాడు. జీను కొమ్ముకి తగిలించిన రికాబు, కాలు పెట్టుకునేది, జారింది... ఇనుప రికాబు. తిన్నగా నడుం దగ్గరున్న రివాల్వర్ సుత్తి మీద పడింది.

ధన్!

తొడలో దిగింది. మధ్యాహ్నానికి నాన్న లేడు.

ఆ తూటా ఎవరు పెట్టారో అమ్మకి తెలుసు. లైల్‌కి మొదటి తుపాకీ కొనిచ్చిన రోజున ఎబెన్ చెప్పాడు. చెప్తూ ఏడ్చాడు. లైల్ అన్న చెయ్యి పట్టుకుని అమ్మ మీద ఒట్టేశాడు, బతికినంతకాలం అయిదే అని. మిగతా ఊరికి తెలిసింది ఒక్కటే. టాల్‌బట్లు అయిదు దాటరు. తాగినప్పుడు దాని మీద జోకులేసుకునేవాళ్ళు కూడా ఉన్నారు.

ఎబెన్ తలుపు తోస్తాడు.

చలికాలంలో పశువుల కాపర్లు తలదాచుకునే గుడిసె అది. తాళం ఉండదు. ఆకలేసినవాడు ఎవడైనా వచ్చి వండుకు తినొచ్చు. తిన్నాక గిన్నెలు కడగాలి. వెనక వచ్చేవాడికి కట్టెలు కొట్టి పెట్టాలి. ఇక్కడ దొంగలు కూడా ఆ మర్యాద తప్పరు.

పొయ్యి పక్కన కొత్తగా కొట్టిన కట్టెలు. బోర్లించిన బీన్స్ గిన్నె!

"వెనకాల ఉరితాడు వస్తుంటే కట్టెలు కొడుతూ కూర్చున్నావా?"

"అమ్మ పెంపకం." లైల్ కిటికీ పక్కన గోడకి జారగిలబడి ఉన్నాడు. ఎడమ చీలమండ గుమ్మడికాయలా వాచిపోయింది. మొహం మీద ఎండిన చెమట తెల్లగా చారలు కట్టింది. చేతిలో రివాల్వర్ అన్న గుండెకేసే చూస్తోంది. "నువ్వు కడిగిన గిన్నె నేనెప్పుడూ చూళ్ళేదు మరి."

"తుపాకీ ఇటివ్వు."

"ఇవ్వను."

"లైల్..."

"జడ్జి ముందు ఇస్తా. నీకివ్వను. ఆ రేకుముక్క పెట్టుకున్నవాడికి అసలివ్వను." ఎబెన్ చొక్కా మీది బ్యాడ్జ్‌ని గడ్డంతో చూపిస్తాడు. "మూడుసార్లు కబురంపాను నీకు. వాళ్ళు నా కంచె తెంపారు. ఒకసారి. నా బావిలో చచ్చిన కుక్కని పడేశారు. రెండోసారి. మూడోసారి కొట్టానికి నిప్పెట్టారు. ఏం చేశావ్? ఎవరు చేశారో సాక్ష్యం తెమ్మన్నావ్!"

"చట్టం..."

"చట్టం! బ్లెడ్సో కొడుకు నా గడపలో నిలబడి నవ్వాడు. తెలుసా? మీ అన్న షెరీఫ్ కదా, వెళ్ళి చెప్పుకోరా అన్నాడు. ఊరంతా నవ్వింది. నేను మా అన్న వస్తాడన్నాను. సిగ్గులేకుండా మూడుసార్లూ అదే అన్నాను!"

ఎబెన్ బ్యాడ్జ్ మీద చెయ్యి వేసుకుంటాడు. తప్పే. ఒప్పుకోవాలి. కానీ ఒప్పుకోడానికి టైమెక్కడుంది?

"తిట్టుకో. దారిలో ఎంతసేపైనా తిట్టుకో. ముందు లే! వాళ్ళొచ్చేసరికి ఇంకో అరగంటుంది. నిన్ను విడిపిస్తాను."

"ఎలా?"

"రూఫస్ బ్లెడ్సో శవాన్ని నేనే చూశాను. ఆరు గాయాలు. అక్కడే స్టేజ్ బండి ఆగే మకాంలో వంటచేసే హెట్టీ ఉంది కదా? రొట్టె తిరగేసేంతలో ఆరు మోతలూ వరసగా విన్నానంది. మధ్యలో ఆగలేదు, మళ్ళీ నింపుకునే టైమే లేదు అంది. ఒకే తుపాకీ. ఆరు తూటాలు. అర్థమైందా?"

లైల్ చేతిలో గొట్టం నేలకి వాలుతుంది.

"నీ గుర్రం అడుగులు అక్కడున్నాయి, నిజమే. ఉంటే ఏం? నీళ్ళకి ఎవడైనా వెళ్తాడు. కానీ ఆరు పేలిన తుపాకీ టాల్‌బట్ తుపాకీ కాదు! జడ్జికి తెలుసు మన సంగతి. జ్యూరీలో ప్రతివాడికీ తెలుసు. ఆ ఒక్కమాటతో నువ్వు ఇంటికెళ్ళిపోతావ్!"

"హెట్టీ... ఆరు అనే చెప్పిందా? సరిగ్గా లెక్కపెట్టిందా?"

"వేళ్ళ మీద లెక్కపెట్టి చూపించింది."

లైల్ కిటికీలోంచి బయటికి చూస్తాడు.

"ఒక్కసారి అడుగుతా," అంటాడు ఎబెన్. గొంతు తగ్గిపోతుంది. "నువ్వు చంపావా?"

"నువ్వేమనుకుంటున్నావ్?"

"లేదు."

"అయితే లేదు."

అప్పుడే కిటికీ అద్దం భళ్ళున పగిలిపోతుంది!

ఇద్దరూ నేలకి కరుచుకుపోతారు. పొయ్యి మీది కాఫీ కెటిల్ గిరగిరా తిరుగుతూ మూలకి కొట్టుకుంటుంది. గోడలోంచి చెక్కపేడులు... ఒకటి, రెండు, పది! బయట గుర్రం సకిలింపు. ఎబెన్ గుర్రం. ఇంకోసారి సకిలించింది. తర్వాత సకిలించలేదు.

"అరగంటన్నావ్!" లైల్ అరుస్తాడు.

"వాగులోంచి అడ్డంగా వచ్చార్రా!"

పుట్టి మునిగింది. గుర్రం లేదు. కొండ సందు లేదు. చుట్టూ ఎనిమిది రైఫిళ్ళు.

లైల్ కిటికీ అంచు మీద చెయ్యి ఆనిస్తాడు. ఎబెన్ పట్టుకునేలోపే...

ధన్! బయట పింక్నీ గుర్రం ముందు కాళ్ళ మీద కూలబడుతుంది. మూడు.

ధన్! ఎవడికీ తగల్లేదు. నాలుగు.

ధన్! పింక్నీ చెవి పట్టుకుని బూతులు లంకించుకుంటాడు. వేళ్ళ సందుల్లోంచి రక్తం. అయిదు!

ఎబెన్ గట్టిగా ఊపిరి వదులుతాడు. అయిపోయాయి. హమ్మయ్య... ఇంక తమ్ముడు ఎవణ్ణీ చంపలేడు. ఆ ఒక్క నేరం నెత్తిన పడకుండా ఆగింది.

"చాలు. ఇటివ్వు."

లైల్ ఇవ్వడు. రివాల్వర్‌ని రెండు చేతులతో గుండెకి అదుముకుంటాడు.

"తాడు మీద మాత్రం చావనన్నా," అంటాడు. గొంతులో మొదటిసారి వెటకారం లేదు. "వాళ్ళకి అది సరిగ్గా కట్టడం కూడా రాదు. పోయినేడు ఓ మెక్సికో వాణ్ణి కట్టారు. పావుగంట తన్నుకున్నాడు. నేను చూశాను."

"తాడు నీ మెడ దాకా రాదు. నేనున్నాను."

"మూడుసార్లు లేవు."

ఆ మాట గుచ్చుకుంటుంది. ఎబెన్ లేచి తలుపు దగ్గరికి వెళ్తాడు.

"బ్లెడ్సో! నేను బయటికొస్తున్నా! కాల్చావంటే కౌంటీ షెరీఫ్‌ని కాల్చినట్టు!"

బయట మోత ఆగుతుంది. పింక్నీ తిట్లు మాత్రం ఆగవు.

"రా!" బ్లెడ్సో గొంతు. బొంగురుగా, నెమ్మదిగా. "నీ పట్టీ విప్పి పడేసి రా!"

ఎబెన్ నడుం పట్టీ విప్పి గుమ్మం ముందు పడేస్తాడు. వాకిట్లోకి నడుస్తాడు.

ఇరవై అడుగుల దూరంలో బ్లెడ్సో. గుర్రం దిగి నిలబడ్డాడు. అరవై ఏళ్ళ మనిషి, మూడు రోజుల్లో డెబ్భై అయ్యాడు. గడ్డం గీసుకోలేదు. కొడుకు గడియారం గొలుసు తన కోటుకి పెట్టుకున్నాడు. రైఫిల్ నేల చూడటం లేదు.

"తప్పుకో షెరీఫ్. నీతో నాకు పని లేదు."

"నాకుంది. వాణ్ణి అరెస్టు చేశాను. కోర్టుకి తీసుకెళ్తున్నాను."

"కోర్టుకా?" పింక్నీ పగలబడి నవ్వుతాడు. చెవినుంచి కారుతున్న రక్తం కాలర్ తడిపేసింది. "అన్న పట్టుకెళ్తాడట! అన్నే సాక్ష్యం చెప్తాడట! దారిలో తమ్ముడు మాయమైపోతాడట! మా మొహాలు ఎలా కనపడుతున్నాయ్ నీకు?"

"నీ మొహం గురించి ఇప్పుడెందుకులే, పింక్నీ. ముందు చెవి కట్టుకో." ఎబెన్ అతని వైపు కూడా చూడడు. "బ్లెడ్సో, నీ కొడుక్కి ఎన్ని గాయాలు?"



"నేనే కడిగాను," అంటాడు బ్లెడ్సో. "ఆరు."

"ఆరు. వరసగా. ఒకే తుపాకీలోంచి. మా నాన్న శవపేటిక మోసిన నలుగురిలో నువ్వొకడివి. చెప్పు. టాల్‌బట్ తుపాకీలో ఆరెప్పుడైనా చూశావా?"

ఒక గుర్రం తోక విదిలిస్తుంది. బ్లెడ్సో మనుషుల్లో ఇద్దరు ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. నిజమే కదా! ఆ వంకతో వాళ్ళని ఎన్నిసార్లు ఏడిపించలేదూ!

"ఇప్పుడే లెక్కపెట్టావుగా?" ఎబెన్ వదలడు. "నాకు రెండు. మీకు మూడు. అయిదు! వాడి తూటాల పట్టీ గుర్రం కింద నలిగి ఉంది. వచ్చే దారిలో నువ్వూ చూసి ఉంటావు. ఎనిమిది మంది మీద పడి చంపబోతుంటే కూడా వాడు అయిదే కాల్చాడు. ఆరోది ఉంటే కాల్చడా? ఎందుకు కాల్చలేదు? లేదు కాబట్టి!"

బ్లెడ్సో కళ్ళు ఆర్పడు. మొదటిసారి ఆ కళ్ళలో ఏదో తడబాటు.

"తుపాకీ బయటికి రానీ," అంటాడు చివరికి. "మా అందరి కళ్ళ ముందు. వాడు గుమ్మంలోకొచ్చి ఇవ్వాలి."

"లైల్! విన్నావుగా? రా!"

చాలాసేపటికి లైల్ కనపడతాడు. గుమ్మం పట్టుకుని, ఒంటికాలి మీద. మొహంలో రక్తపు చుక్క లేదు. ఎబెన్ వెనక్కి నడిచి వెళ్ళి చెయ్యి చాస్తాడు. లైల్ వేళ్ళు ఊడిరావు. ఒక్కొక్క వేలూ విప్పాల్సొస్తుంది.

"ఖాళీ తుపాకీకి ఇంత పట్టేమిట్రా!"

"అన్నా... వద్దు. వాళ్ళకివ్వకు. ఇక్కడే ఉంచు."

"నోరు మూసుకుని నిలబడు. నిన్ను ఇంటికి పంపిస్తున్నా!"

ఎబెన్ తుపాకీని ట్రిగ్గర్ దగ్గర ఒక్క వేలికి వేలాడదీసి వాకిలి మధ్యకి తెస్తాడు. రెండో చేత్తో సిలిండర్ పక్కన మూత తియ్యబోతాడు.

చటచటచట! రైఫిళ్ళన్నీ పైకి లేస్తాయి.

"చెయ్యి తియ్!" పింక్నీ కేక. "మూత తెరిచి ఆరోది జారవిడుస్తావ్! మాకు తెలీదనుకున్నావా ఆ గారడీ?"

"అయితే మీరే వచ్చి చూడండి."

"నేను చూస్తా!" పింక్నీ అడుగు ముందుకేస్తాడు.

"నువ్వు కాదు!" ఎబెన్ గద్దిస్తాడు. "లేని తూటా నువ్వు లోపల పెట్టగలవు. నా చెయ్యి మీరు నమ్మరు. మీ చెయ్యి నేను నమ్మను. ఎవరి చెయ్యీ వద్దు. తుపాకీనే అడుగుదాం. సుత్తి లాగి ట్రిగ్గర్ నొక్కుతా. తర్వాతొచ్చేది ఆరో గదే. టిక్కుమంటే వాడు కోర్టుకొస్తాడు. మీరు ఇంటికెళ్తారు."

"మోగితే?"

"మోగదు."

"మోగితే?" బ్లెడ్సో మళ్ళీ అడుగుతాడు.

"మోగితే నీ ఇష్టం."

ఎబెన్ తుపాకీని ఆకాశంకేసి ఎత్తుతాడు.

"ఆగు." బ్లెడ్సో రెండడుగులు దగ్గరికొస్తాడు. గొలుసు మీద చెయ్యి వేసుకుంటాడు. "ఆకాశాన్ని కాలిస్తే నీదేం పోతుంది? నా కొడుకు రక్తం మీద నీ మాట నమ్మమంటున్నావ్. నా కొడుకయ్యా! ఒక్కడే కొడుకు! నీకు నిజంగా అంత నమ్మకమా? అయితే దాన్ని నీ తలకి పెట్టుకుని నొక్కు."

గాలి కూడా ఆగిపోయినట్టుంది.

"అప్పుడు నమ్ముతా," అంటాడు బ్లెడ్సో. "ఇక్కడే, నీ కళ్ళ ముందు, వాడికి దండం పెట్టి వెళ్ళిపోతా."

ఎబెన్ నవ్వుతాడు. నిజంగానే నవ్వుతాడు. ఇంతేనా? ఇంత తేలికా? అమ్మ మీద ఒట్టు అది. నాన్న రక్తం మీద ఒట్టు. ఈ భూమ్మీద ఎబెన్ టాల్‌బట్‌కి నమ్మకమున్న సంగతి ఒక్కటుందంటే అది ఇదే.

"చూస్తూ ఉండు," అంటాడు.

తుపాకీ గొట్టం కణతకి ఆనిస్తాడు. ఇనుము ఇంకా వెచ్చగా ఉంది.

బొటనవేలు సుత్తి మీద.

టిక్...

సిలిండర్ కదులుతోంది.

టిక్... టిక్...

అయిదో గది పక్కకి జరిగింది. ఆరోది పైకొస్తోంది.

టిక్!

సుత్తి పూర్తిగా వెనక్కొచ్చి ఆగింది. ఎబెన్ చూపుడువేలు ట్రిగ్గర్ మీదకి జారుతుంది. బ్లెడ్సో కళ్ళలోకి సూటిగా చూస్తూ వేలు బిగిస్తాడు...

"ఆగన్నా!"

కేక కాదది. గొంతు చిరిగిన చప్పుడు.

"ఆగు! ఆగు! నొక్కకు! ఉంది!"

లైల్ గుమ్మం వదిలేశాడు. వాచిన కాలు నేలమీద పెట్టి, పడి, మోకాళ్ళ మీద పాకుతూ వస్తున్నాడు. "ఉందన్నా... అందులో ఉంది... దించు... నీ కాళ్ళు పట్టుకుంటా, దించు!"

ఎబెన్ వేలు రాయైపోతుంది.

ఒక్క క్షణం ఏమీ అర్థం కాదు. తర్వాత అన్నీ ఒకేసారి అర్థమవుతాయి. హెట్టీ సరిగ్గా లెక్కపెట్టిందా అన్నాడు. నువ్వేమనుకుంటున్నావ్ అన్నాడు. తాడు మీద మాత్రం చావనన్నాడు...

తుపాకీని మెల్లిగా, చాలా మెల్లిగా తల మీంచి దించుతాడు. సుత్తి ఇంకా ఎత్తే ఉంది.

"ఎప్పట్నించి?"

"కొట్టం తగలబెట్టినప్పట్నించి." లైల్ నేల మీదే ఉన్నాడు. ముక్కు కారుతోంది. చిన్నప్పుడు ఏడ్చినట్టే ఏడుస్తున్నాడు. "నువ్వు రాలేదుగా! నాకు అయిదు సరిపోలేదన్నా. వాడు మకాం దగ్గర మళ్ళీ నవ్వాడు. మీ అన్న వచ్చాడా అని అడిగాడు. అంతే... అయిపోయేదాకా కాల్చేశా. తర్వాత మళ్ళీ ఆరు నింపుకున్నా. ఈ చివరిది నాకోసం ఉంచుకున్నా. అడ్డమైనవాడూ కట్టే తాడు మీద తన్నుకోలేను. అది నాకిచ్చెయ్. ఇచ్చి అటు తిరుగు. చాలు."

"విన్నారుగా!" పింక్నీ తాడు విప్పుతున్నాడు. "మాటిచ్చావ్ షెరీఫ్! తప్పుకో!"

ఎబెన్ చేతిలో ఒక్క తూటా ఉంది. ఎత్తిన సుత్తి. ఇరవై అడుగుల్లో బ్లెడ్సో గుండె. మూడడుగుల్లో తమ్ముడి తల.

బ్లెడ్సోకి అది తెలుసు. అయినా కదల్లేదు.

"మోగితే నా ఇష్టమన్నావ్," అంటాడు.

"ఇంకా మోగలేదు." ఎబెన్ గొంతు తనకే వేరేవాడి గొంతులా వినపడుతుంది. "బ్లెడ్సో... నువ్వెందుకొచ్చావిక్కడికి? అన్న షెరీఫ్ కాబట్టి తమ్ముడు తప్పించుకుంటాడని. అవునా?"

"అవును."

"తప్పించుకోడు. జడ్జి ముందు నేనే నిలబడతా. బైబిల్ మీద చెయ్యేసి నేనే చెప్తా. ఆరు పేల్చింది వీడేనని. వీడి నోటితో నేనే విన్నానని."

"నీ నోటితోనా?"

"నా నోటితోనే."

"నీ తమ్ముడి మీద?"

"నా తమ్ముడి మీదే."

బ్లెడ్సో అతని మొహంలోకి చూస్తూ ఉండిపోతాడు. కొడుకుని పాతినవాడికి ఎదుటివాడి మొహం చదవడం వచ్చేస్తుందేమో. రైఫిల్ కిందికి దిగుతుంది. కొద్దికొద్దిగా.

"పింక్నీ," అంటాడు. "తాడు చుట్టెయ్."

"అయ్యా!"

"చుట్టెయ్యమన్నాను! రెండు గుర్రాలివ్వు వీళ్ళకి. కోర్టుదాకా వెంట నడుద్దాం. ఆ సాక్ష్యం నేను కూర్చుని వినాలి."

లైల్ అన్న బూటు పట్టుకున్నాడు. నమ్మలేకపోతున్నాడు.

"వాళ్ళు ఉరే వేస్తారన్నా... జడ్జీ వేసేది ఉరే! ఆ తూటా ఇవ్వన్నా! నోరు మూసుకుని ఉంటే నువ్వు చచ్చేవాడివి. నీ ప్రాణం కాపాడానే! నా మెడకి నేనే తాడు తగిలించుకుని నిన్ను కాపాడానే!"

"అవును," అంటాడు ఎబెన్. కళ్ళ వెంట నీళ్ళు కారిపోతున్నాయి. తుడుచుకోడు. "అది కూడా చెప్తాను."

లైల్ పైకి ఎగురుతాడు. తుపాకీ కోసం! రెండు చేతులతో అన్న మణికట్టు మీద పడతాడు...

ఎబెన్ చెయ్యి అంతకన్నా ముందే ఆకాశంలోకి లేచింది.

ధన్!

ఆరు.